దెబ్బ ఒకచోట

“ఏమండీ, రసజ్ఞ మీ గదిలో ఉందా?”

ఉమాశ్రీ రెండోసారి అరిస్తేగానీ స్పీకర్ల మోతలో జశ్వంత్‌కు వినపడలేదు. వారమంతా మాదాపూర్ ఆఫీసులో కోడు రాసి, ఆదివారమైతే ఇంట్లో పాటలు మిక్స్ చేసుకునే మనిషి. లేదన్నాడు. పక్క ఫ్లాట్‌లోనూ లేదు. పార్కింగ్‌లో, జారుడుబల్ల దగ్గరా లేదు. ఐదేళ్ల పిల్ల ఎక్కడికి పోతుంది?

“చివరిసారి మీరెప్పుడు చూశారు?”

“ఇందాక వచ్చి ఏదో అడిగింది. పని మధ్యలో ఉన్నాను కదా, ఏదో చెప్పి పంపేశాను.”

“ఏం చెప్పారు?”

నిజంగానే గుర్తులేదు.

వాచ్‌మన్ బాలనర్సయ్య ఎదురొచ్చాడు. “పాప గేటు దాటలే సార్. పొద్దుగాల్నుంచి ఈడనే ఉన్న.” అంతలోనే గొంతు తగ్గించాడు. “గని, నీళ్ల ట్యాంకర్ వొచ్చిపోయినంక సంపు మూత ఎయ్యలే. లోపల చీకటుంది. జర టార్చి తెండి.”

జశ్వంత్ లిఫ్టు కోసం ఆగకుండా, గుర్తొచ్చిన దేవుళ్లందరికీ మొక్కుకుంటూ నాలుగంతస్తులూ ఎక్కాడు.

టార్చి తన గదిలో సొరుగులో ఉంది. పాట ఇంకా తిరుగుతూనే ఉంది. ఆపబోయిన చెయ్యి మధ్యలోనే ఆగిపోయింది.

కిక్ డ్రమ్ దెబ్బ పడ్డప్పుడల్లా బేస్ ఒక్క క్షణం తగ్గి దారివ్వాలి. లేకపోతే రెండూ కలిసి గజిబిజి. పొద్దున్నుంచీ కుస్తీ పట్టి, ఒక శబ్దం వినగానే ఇంకోదాన్ని తగ్గించే సైడ్‌చెయిన్ పెట్టింది అందుకే. కానీ కిక్ ఒకచోట పడుతుంటే బేస్ ఇంకోచోట తగ్గుతోంది. మూడుసార్లు తగ్గి, కాస్త ఆగి, మళ్లీ మూడుసార్లు.

మరి ఎవరి దెబ్బకు తగ్గుతోంది?

సెట్టింగ్ తెరిచాడు. పొద్దున జాబితాలో ‘కిక్’ అనుకుని దాని కిందున్న ‘మైక్’ నొక్కాడు. మైక్ శబ్దం స్పీకర్లలోకి రాకుండా కట్టేసి ఉంది. మైక్ మాత్రం తన దగ్గర పడే ప్రతి దెబ్బనూ వింటూనే ఉంది.

ఆ మైక్ ఉన్నది గోడ అల్మారాలో. పాడేవాళ్ల కోసం దాన్ని ఖాళీ చేసి, చప్పుడు బయటికి పొక్కకుండా నాలుగువైపులా మందపాటి ఫోమ్ అంటించాడు. ఆ తలుపు లోపలి నుంచి తీయడం పెద్దవాళ్లకే కష్టం.

బేస్ ఈసారి రెండుసార్లే తగ్గింది. ఆ తర్వాత తగ్గలేదు.

అతను గుంజిన గుంజుకు తలుపు ఊడొచ్చినంత పనైంది. చెమటతో తడిసిపోయిన పిల్ల చేతుల్లోకి జారిపడింది. ఊపిరి ఆడుతోంది. వెనకాలే మెట్లెక్కి వచ్చిన ఉమాశ్రీ ఏడుస్తూ చున్నీతో మొహం తుడిచింది. రసజ్ఞ మెల్లగా కళ్లు తెరిచి తండ్రిని చూసింది.

“దాక్కోమని, వంద లెక్కపెట్టి వస్తానన్నావుగా నాన్నా. ఇంకా అవలేదా?”