మార్తాండం అరవలేదు

గాజువాకలో డిటెక్టివ్ మార్తాండం అంటే వీర్రాజే. స్టీల్ ప్లాంట్ కార్మికులు ఏటా ఆడే నాటకంలో అతను శవం మీది దుప్పటి లాగి, "హంతకుడు ఇక్కడే ఉన్నాడు!" అని గర్జిస్తే ఈలలు మోగిపోయేవి. తొంభై ఎనిమిదిలో గొంతుకి ఆపరేషన్ అయ్యాక ఆ వేషం పైడయ్యకి వెళ్లింది.

మొదటి ప్రదర్శన వీర్రాజు ముందు వరసలో కూర్చుని చూశాడు. పైడయ్య అరవలేదు. దుప్పటి కొంచెమే తొలగించి, శవం నుదుటి మీద జుట్టు సవరించాడు. మళ్లీ కప్పేసి, ఏం చేయాలో తెలియనట్టు తన చేతుల వంక చూసుకుంటూ నిలబడిపోయాడు. హాల్లో ఒక్క ఈల లేదు. ఎవరో వెక్కి వెక్కి ఏడుస్తున్నారు.

నాటకం అయ్యాక వీర్రాజు మేకప్ గదిలోకి వెళ్లాడు. "వేషం పాడుచేశావు పైడయ్యా," అన్నాడు బొంగురుగా. "ఆ చచ్చినవాడు డిటెక్టివ్‌కి ఏమవుతాడని అలా చేశావు?"

పైడయ్య రంగు తుడుచుకోవడం ఆపాడు. "నిన్ను సూసే నేర్సుకున్నాను బావా."

"నేను ఏ నాటకంలో చేశానలా?"

"నాటకంలో కాదు. మీ కుర్రోణ్ణి దువ్వాడ కాడ లారీ గుద్దీసినపుడు మార్చురీకి నీతో వచ్చింది నానే కదా. మర్నాడు నువ్వు స్టేజీ ఎక్కి ఎప్పట్లాగే అరిసావు. నాను మాత్రం మర్సిపోలేకపోయాను."

వీర్రాజు బల్ల మీద కూలబడ్డాడు. ఆ రోజు మార్చురీ గుమ్మం దాకా అతనికి గుర్తుంది. లోపల జరిగింది ఎంత తలుచుకున్నా గుర్తుకు రాలేదు.

"పైడయ్యా," అన్నాడు. "వాడి కళ్లు మూసే ఉన్నాయా?"