అక్షరాలా నేనే

తన ఆత్మకథ రాయడానికి వచ్చిన ముగ్గురు రచయితలను రాక్ గిటారిస్టు రోస్కో పిల్‌గ్రిమ్ అప్పటికే తరిమేశాడు. ఒకడి మీద టైప్‌రైటర్ విసిరాడు. అది ఆ రచయిత సొంత టైప్‌రైటరే.

నాలుగో మనిషి దెబోరా.

1986 నాటికి ఆమెది తొమ్మిది పుస్తకాల అనుభవం. తొమ్మిదీ పాటగాళ్ళవీ, గిటారిస్టులవీ, డ్రమ్మర్లవీ ఆత్మకథలు. ఒక్కదాని మీదా ఆమె పేరు ఉండదు. వాళ్ళు టేప్‌రికార్డర్ ముందు గంట కూర్చుంటే అందులో ముప్పావుగంట దగ్గుతారు. డెబ్బైల్లో ఏం జరిగిందో ఎవరికీ గుర్తుండదు. ఆ ఖాళీలు పూరించడమే ఆమె ఉద్యోగం. "నేను పుట్టిన క్షణాన ఉరుము ఉరిమింది" అని అప్పటికి ఐదుగురి తరఫున రాసింది.

అమెరికాలో ఆమె ఉండే నోవై ఊళ్ళోని తెలుగువాళ్ళకు మాత్రం ఆమె ఇంట్లో కూర్చుని టైపింగ్ చేసుకునే మనిషి. అరోరాలో ఉండే దేవకుమార్ అంకుల్ కూడా అలాగే అనుకున్నారు. ఆయన భూసార పరీక్షల శాస్త్రవేత్త. చిన్నప్పుడు ఒంగోలు సండే స్కూల్లో ఆమెకు బైబిల్ వాక్యాలు నేర్పినవారు. చర్చిలో సంఘ పెద్ద. కాఫీ కూడా తాగరు. రిటైరవుతున్నాను కదా, మనవల కోసం నా జీవిత చరిత్ర కాస్త ఇంగ్లీషులో టైప్ చేసిపెట్టమ్మా అన్నారు. కాదనలేకపోయింది.

రోస్కోతో మూడు నెలలు పట్టింది. తల్లిదండ్రుల గురించి అడిగితే తన కుక్క గురించి చెప్పాడు. కుక్క గురించి అడిగితే లేచి వెళ్ళిపోయాడు.

న్యూయార్క్‌లో ఉన్న ఎడిటర్ గ్రెటా ముందే చెప్పేసింది. "ప్రతి పేజీ మీదా 'ఇది నిజం' అని అతను సంతకం పెట్టాలి డెబ్బీ. పెట్టకపోతే ఈ పుస్తకం లేదు. నీకు పదకొండో పుస్తకమూ లేదు."

రోస్కో పుస్తకం, అంకుల్ పుస్తకం రెండూ ఒకే రోజు పోస్ట్ చేసింది. ఆరో రోజున రోస్కో ఫోన్ చేశాడు. దెబోరా రిసీవర్‌ను చెవికి కాస్త దూరంగా పట్టుకుంది.

అవతల ఏడుపు.

"డెబ్బీ... ఆ మేక!"

"మేకా?"

"నా స్కూల్ సర్టిఫికెట్ తినేసిన మేక! మా నాన్న దాన్ని లాక్కెళ్ళి హెడ్మాస్టర్ ముందు నిలబెట్టి, 'సర్టిఫికెట్ దీని కడుపులో ఉంది సార్, మీరే చూసుకోండి' అనడం! నేనే మర్చిపోయాను. నీకెలా తెలిసింది?"

ఆ మేక ఏ ఊరిదో దెబోరాకు వెంటనే అర్థమైంది.

"మిస్టర్ పిల్‌గ్రిమ్, మీకొక సంగతి చెప్పాలి. ఆ పేజీలు..."

"ఒక్క పేజీ తీయడానికి వీల్లేదు! ముప్పై ఆరేళ్ళ వయసులో మొదటిసారి మంచు పడుతుంటే చూసి, ఎవరో మేడ మీంచి బూడిద పోస్తున్నారనుకున్నానని రాశావు. నేను పుట్టింది మిన్నెసోటాలో. అయినా అది నిజం! అంతవరకూ మంచు నా మీద పడింది గాని, నేను దాన్ని చూడలేదు."

"అది కాదు, నేను చెప్పేది..."

"ఇక నా కాపురం! ఇరవై ఎనిమిదేళ్ళుగా ఒకే భార్య అన్నావు. నాకు నలుగురు కదా, ఎవరి గురించి రాసిందబ్బా అని తెగ ఆలోచించాను. తర్వాత వెలిగింది. నలుగురినీ కలిపి ఒక్క ఆవిడను చేశావు! ఏం టెక్నిక్! ఇప్పుడే నాలుగో ఆవిడకు ఫోన్ చేసి క్షమించమన్నాను. పొద్దుట్నుంచి మందు ముట్టుకోలేదు. ఈ పుస్తకం అక్షరాలా నేనే, డెబ్బీ!"

పెట్టేశాడు.

భర్త సుందర్ రాజ్ వంటింట్లోంచి వచ్చాడు. "ఏమంటాడు? రిజెక్ట్ చేశాడా?"

"బ్రహ్మాండంగా ఉందట."

"మరి నీ మొహం అలా అయిపోయిందేం?"

ఆమె గ్రెటా నంబరు తిప్పింది. బిజీ. మళ్ళీ బిజీ. రెండు రోజుల తర్వాత గ్రెటాయే ఫోన్ చేసింది.

"గ్రెటా, ఆ పుస్తకం ప్రెస్‌కి పంపకు. అందులో..."

"కామా కూడా ముట్టుకోకు! మూడు వందల పన్నెండు పేజీల మీదా సంతకం పెట్టి పంపాడు. కొన్నిచోట్ల సంతకం కన్నీళ్ళకు చెదిరిపోయింది. ఆఫీసంతా చదువుతోంది. మా లాయరైతే మేక దగ్గర లేచి బయటికి వెళ్ళి ముక్కు చీదుకుని వచ్చాడు. మనుషుల పేర్లూ ఊళ్ళ పేర్లూ ఎప్పటిలాగే లాయర్లే మార్చేస్తారు."

"నేను చెప్పేది ఒక్క నిమిషం విను..."

"మంచి రచయితలందరికీ ఆఖర్లో ఇలాగే కంగారు పుడుతుంది. వేడి నీళ్ళతో స్నానం చేసి పడుకో. ప్రెస్‌లో ఆల్రెడీ మొదలైపోయింది."

ఆదివారం తెలుగు ప్రార్థనలో దెబోరా అందరికంటే ఎక్కువసేపు మోకాళ్ళ మీద ఉంది. నా భార్యకు ఎంత భక్తి అని సుందర్ రాజ్ మురిసిపోయాడు.

ఇంటి తలుపు తీసేసరికి ఫోన్ మోగుతోంది. రోస్కో అయితే ఈసారి నిజం చెప్పేయాలని గట్టిగా అనుకుని ఎత్తింది. రోస్కో కాదు. దేవకుమార్ అంకుల్.

"వందనాలు అంకుల్," అంది దెబోరా, కళ్ళు గట్టిగా మూసుకుని.

"వందనాలమ్మా, నువ్వు పంపిన నా జీవిత చరిత్ర అందింది, చదివాను, అక్షరాలా నేనే," అంటూ అంకుల్ గొంతు తగ్గించారు, "కాకపోతే నేను లాస్ వేగస్‌లో తాగి, గిటారుతో పోలీసును కొట్టి, జైల్లోనే మూడో పెళ్ళి చేసుకున్న సంగతి మీ ఆంటీకి తెలీదు, ఆ ఒక్కటీ తీసెయ్యమ్మా."