గంట కిందటి అద్దం

"గడియారం పగలగొట్టింది ఈవిడే," అన్నాడు చిన్న ఇంజనీరు, ఊడ్చే అత్త ముఖం చూడకుండా.

"నేనా! చీపురు తప్ప ఇంకేదీ ముట్టుకోలేదమ్మా!"

"పోట్లాట దేనికి?" అంది పెద్ద మేడమ్. "ఈ గది అద్దంలో ఎప్పుడూ గంట కిందటి సంగతే కదా కనిపించేది. కళ్ళజోడు తెచ్చుకుంటా. పగలగొట్టింది నువ్వే అయితే అత్తా, మూటాముల్లె సర్దుకో."

ఆ పరిశోధన కేంద్రంలో కాలానికున్న తిక్క అతనికి తెలియనిది కాదు. కంగారులో మరిచిపోయాడంతే.

మేడమ్ బయటికెళ్ళగానే అత్త అతన్ని ఒక్కసారి చూసింది. బకెట్టులో గుడ్డ ముంచి అద్దం నిండా సబ్బు నురుగు పులమసాగింది.

"అత్తా, ఏంటిది? నీ ఉద్యోగం పోతుంది!"

"ఊడ్చే పని ఎక్కడైనా దొరుకుతుంది బాబూ. ఇంత చదువుకుని అబద్ధమాడారంటే మిమ్మల్నెవరు పెట్టుకుంటారు?"

సిగ్గుతో అతని తల వాలిపోయింది.

"ఈ నురుగేంటి?" మేడమ్ తిరిగొచ్చింది.

"కడుగుతున్నానమ్మా."

అతను అత్త చేతిలోని గుడ్డ తీసుకుని, అద్దమంతా శుభ్రంగా తుడిచి పక్కకు జరిగాడు.

లోపల గంట కిందటి అతను, పగిలిన గడియారం పక్కన నిలబడి, ఎవరైనా చూశారేమోనని తలుపు వైపు చూస్తున్నాడు.