కుక్కకు అన్నం గిన్నె ఎక్కడ పెట్టాలి?

నెల్లూరు డాక్టరు నా కూతురు స్వర్ణ కాలికి వేసిన సిమెంటు కట్టు విప్పి పది రోజులైంది. ఎముక అతుక్కుంది, నడవమన్నారు. మళ్ళీ పడతానన్న భయంతో అది మంచం దిగడం లేదు. నాకేమో ఒకచోట కాలు నిలవడం లేదు.

ఈరోజు స్వర్ణ కుక్కకు ఇంట్లోనే తిండికి చోటు కుదురుద్దామని, అన్నం గిన్నె గడప దగ్గర పెట్టాను.

"గాలికి ఇసకంతా పడతాది నాయనా!" అంది మంచం మీదినుంచే.

వలలు పెట్టే మూలకు జరిపాను.

"వలలో కాళ్ళు ఇరుక్కుంటాయి, తియ్!"

పొయ్యి పక్కన పెట్టాను.

"అక్కడ చీమలు గదా! పళ్ళెంలో నీళ్ళు పోసి, దాంట్లో పెట్టు."

అలాగే పెట్టాను. కుక్క వాసన చూసి మొహం తిప్పుకుంది.

"ఉప్పుచేప కలిపినావా ఏంది?"

"కలిపితేనే గదమ్మే రుచి!"

"అయ్యో, కుక్కకి ఉప్పుచేప పెడతారా? నలభై ఏళ్ళు సముద్రం మీద వేటకి పోయినావు, ఇదన్నా తెలీదా!"

తిడుతూనే గోడ పట్టుకుని లేచింది. ఒక అడుగు వేసింది. ఇంకొకటి వేసింది. ఏడడుగులు నడిచి, గిన్నె ముందు కూర్చుని చేపముక్కలు ఏరసాగింది. నా తల్లే, నా బంగారుకొండే! కళ్ళు తుడుచుకోవడానికి కూడా చేతులు ఆడలేదు నాకు.

"పాపం, పొద్దున్నించి పస్తే" అంది కుక్క తల నిమురుతూ.

తెల్లవారగానే పెరట్లో దానికి కడుపునిండా పెట్టింది నేనే.

రేపు గిన్నెను వీధిగుమ్మం బయట పెడతాను.