నలుగురిని మింగింది

తలుపు నెట్టబోయిన మేడమ్ చెయ్యి "అది" అన్న మాట దగ్గర ఆగిపోయింది.

"అది వచ్చాకే ఈ కొంపకి దరిద్రం పట్టింది పిన్నీ," లోపల తొట్లక్క గొంతు. "ఎవరి జోలికీ పోని నలుగురిని మింగి కూర్చుంది."

తొట్లక్క అంటే ఆ చేపల ప్రదర్శనశాలలో గాజుతొట్లు కడిగి, మేత వేసే మనిషి. పిన్ని టికెట్ల కిటికీ దగ్గర కూర్చునే ఆవిడ. మేడమ్ ఏడాది ఒప్పందం మీద వచ్చిన మేనేజరు. ఆమె లెక్కలో వీళ్ళిద్దరి బుర్రలూ కలిపినా ఒక చేప బుర్రకి సరిపోవు.

ఆమె చేతిలో పసుపు కాగితం ఉంది. ఇక్కడ ఉద్యోగం ఊడిందంటే ఆ రంగు కాగితమే చేతికొస్తుంది. ఆమె వచ్చాక అది అందుకుని వెళ్ళినవాళ్ళు నలుగురు. ఈసారి దాని మీద ఉన్నది తొట్లక్క పేరు. తన వెనకాల నోరు పారేసుకుంటోందని ఎవరో చెవిన వేశారు. కాగితం ఇచ్చేలోపు ఆ ముచ్చటేదో చెవులారా వినాలనుకుంది మేడమ్.

"అంత కచ్చితంగా ఎలా పట్టుకుంటుందే?" పిన్ని అడిగింది.

"చూసి మాత్రం కాదు. కళ్ళున్నాయన్న పేరే గానీ, వెలుగూ చీకటీ తప్ప ఏమీ తెలీదు దానికి. ముందు పోయిన జాడ పట్టుకుని, చప్పుడు లేకుండా వెనకాలే పోతుంది."

మేడమ్ తన మెత్తటి చెప్పుల వైపు చూసుకుంది. చప్పుడు కాకూడదనే ఏరి కొనుక్కున్న చెప్పులు.

"కొరుకుతుందా?"

"కొరకడానికి పళ్ళుండొద్దూ? నమిలేదీ లేదు, మంచీ చెడూ చూసేదీ లేదు. ఒక్కటే గుటక. పోనీ పరాయిజాతా అంటే అదీ కాదు. తన సాటిదాన్నే."

"సోకులకి మాత్రం తక్కువ లేదమ్మా."

"ఆ... గోధుమరంగు మీద పసుపు గీతలు, అంచున నీలం చుక్కలూ. కాస్త కదిపి చూడు, పసుపు కక్కుతుంది. ఆ పసుపు కంటబడితే చాలు, వెనకొచ్చేవన్నీ దారి మార్చుకుంటాయి."

మేడమ్ మెడలోని స్కార్ఫుకి నీలం చుక్కలున్నాయి. ఆమె గుప్పిట్లో పసుపు కాగితం నలిగింది.

"థూ! వెన్నెముక లేని జన్మ," అంది పిన్ని.

తలుపు భళ్ళున తెరుచుకుంది.

"ఎవర్తే వెన్నెముక లేనిది?"

పిన్ని చేతిలో టీగ్లాసు సగం దారిలో ఆగిపోయింది. తొట్లక్క మాత్రం కంగారుపడలేదు. నీళ్ళు కారుతున్న వేలితో మూలనున్న తొట్టి చూపించింది.

"ఇదే మేడమ్."

తొట్టి మీద బోర్డుంది: 'పెంకు లేని సముద్రపు నత్త. వేటాడే జాతి.' లోపల మసక నీలం వెలుగులో, రాయిని ఆనుకుని మెత్తగా, గోధుమరంగులో ఏదో ముద్ద. అంచులు పచ్చబడి ఉన్నాయి.

మేడమ్ కళ్ళజోడు నెత్తి మీదే ఉంది. గాజు మీద వేళ్ళానించి వంగి చూసి, కుళ్ళు వాసనేదో తగిలినట్టు మొహం పెట్టింది.

"ఇదా?"

"అదే మేడమ్. వేరే నత్తలు పాకిన జిగురుచార పట్టుకుని, వెనకాలే పోయి మింగేస్తుంది."

"కదలదేం?"

"తిని పడుకుంది. తిన్నాక అంతే, కదిలించినా లేవదు."

పిన్నికి టీ పొలమారింది.

మేడమ్ తల అటూ ఇటూ ఊపుతూ రెండడుగులు వెనక్కి వేసింది. అంతలో ఏదో తట్టి ఆగింది.

"ఆగు. నలుగురిని మింగింది అన్నావు. నత్తలైతే నాలుగింటిని అనాలి. నలుగురిని అనేది మనుషుల్ని. నాకు ఆ మాత్రం భాష రాదనుకున్నావా?"

పిన్ని గ్లాసు అడుగు చూస్తూ కూర్చుంది.

తొట్లక్క కళ్ళలో నీళ్ళు తిరిగాయి.

"నా కళ్ళముందు పెరిగారు మేడమ్. ఒక్కొక్కరినీ పోగొట్టుకుంటుంటే చూస్తూ ఉండిపోయాను. నాలుగింటిని అనడానికి నోరు రాలేదు."

మోచేత్తో కళ్ళు తుడుచుకుంది.

మేడమ్‌కి నవ్వాగలేదు. నత్తల కోసం ఏడ్చే మనిషి! ఇది తనని వెక్కిరిస్తుందా? వెక్కిరించడానికీ కాస్త తెలివుండాలి. చెవిన వేసినవాళ్ళు ఎవరో గానీ ముందు వాళ్ళకి ఇవ్వాలి ఈ కాగితం. దాన్ని నాలుగు మడతలు పెట్టి సంచిలో పడేసుకుంది.

"ఈ జిగురుముద్దకి విడిగా ఇంత పెద్ద గదా? పైగా ఇరవై నాలుగ్గంటలూ చల్లగా ఉండాలా?"

"మేమూ అదే అనుకుంటాం మేడమ్."

"దీన్నెవరు తెచ్చిపెట్టారిక్కడ?"

"పైవాళ్ళు మేడమ్. ఏం చూసి తెచ్చారో!"

"చూస్తేనే కడుపులో తిప్పుతోంది. ఎన్నాళ్ళుంటుందిలా?"

"దానికి రాసిపెట్టింది ఏడాదే మేడమ్. ఆ తర్వాత ఉండదు."

"అయితే అందాకా ఓర్చుకుని చావండి," అంది మేడమ్ ఉదారంగా.

"ఓర్చుకుంటున్నాం మేడమ్," ఇద్దరూ ఒక్కసారే అన్నారు.

మేడమ్ మెట్లెక్కి తన పెద్ద ఏసీ గది తలుపు వేసుకున్నాక, నెల కిందటే నత్త చచ్చి ఖాళీ అయిన ఆ తొట్టిలో చెయ్యి పెట్టి, తొట్లక్క తన పాత స్పాంజిముక్కని బయటికి తీసి, నీళ్ళు పిండి, గాజు మీద మేడమ్ వేలిముద్రల్ని శుభ్రంగా తుడిచేసింది.