నొప్పి లేని మొక్కు

ఇట్లా దగ్గరికి జరగండి, గొంతెత్తి చెప్పే కథ కాదిది. గోవిందస్వామి మళ్లీ మెట్టు మీద కూలబడ్డాడు. గాలిగోపురం దాటినప్పటి నుంచీ అదే వరస.

“వీపులో మిషను పెట్టించుకొని కూడా ఏందయ్యా ఈ మూలుగుడు?” అంది భార్య గంగులమ్మ. ఆమెకూ ఆయాసంగానే ఉంది.

“వయసు గదే,” అన్నాడు అతను ముఖం తుడుచుకుంటూ.

నగరిలో మరమగ్గాల ముందు నిలబడీ నిలబడీ అరిగిపోయిన నడుము అతనిది. పోయిన ఏడు ఆసుపత్రిలో వెన్నుపూస పక్కన చిన్న మిషను పెట్టారు. అది పనిచేస్తున్నంతసేపూ నడుము మొదలు కాళ్ల దాకా నొప్పి తెలియదు. దాని రిమోట్‌కు ఒకటే బొత్తాం. నొక్కితే ఆగుతుంది, మళ్లీ నొక్కితే నడుస్తుంది. దారిలో ఎక్కడ పారేసుకుంటానో అని అలిపిరిలో దాన్ని గంగులమ్మ సంచిలో వేశాడు.

మనవరాలు మహిత గుండె ఆపరేషను గట్టెక్కితే మోకాళ్ల పర్వతం మోకాళ్ల మీదే ఎక్కుతానని అతని మొక్కు. బిడ్డ గట్టెక్కింది. గంగులమ్మకు అసలు దిగులు ఇప్పుడే మొదలైంది.

“నొప్పి తెలీకుండా ఎక్కితే అది మొక్కెట్లయితాదయ్యా? సామి ఒప్పుకోకపోతే? బిడ్డకు మళ్లా ఏమన్నా అయితే?”

“కండ్లద్దాలు పెట్టుకొని సామిని సూస్తే దర్శనం కాదా?”

“అద్దాలు వేరే, ఇది వేరే.”

“మొక్కు నాదీ సామిదీ. నడమ నీ పంచాయతీ ఎందుకే?”

మోకాళ్ల పర్వతం వచ్చింది. అతను పంచె ఎగగట్టి, మెట్టుకు దండం పెట్టి మోకాళ్లు ఆనించాడు. రెండు మెట్లకే పళ్లు బిగబట్టి ఆగిపోయాడు.

‘నాకు సూపించేదానికి నాటకమాడతాండాడు’ అనుకుంది గంగులమ్మ. బిడ్డ ముఖం గుర్తొచ్చింది. సంచిలో చేయి పెట్టి, కళ్లు మూసుకొని బొత్తాం నొక్కింది.

ఇక కేక పెడతాడనుకుంది. పెట్టలేదు. చంటిబిడ్డ దోగాడినట్టు ఒక్కో మెట్టే పోతున్నాడు. చివరి మెట్టు మీద వెనక్కి తిరిగితే కళ్లనిండా నీళ్లు.

“గంగులూ, సామి కరుణించినాడే! రవ్వంత నొప్పి లేదే!”

ఆమె ఉన్నచోటే మెట్టుకు తల ఆనించి ఏడ్చింది. బొత్తాం నొక్కిన సంగతి మొగుడి దగ్గర దాచి, అతను లేనప్పుడు మాత్రం, మిషను ఆగినా అతని నొప్పిని సామే మోసినాడని ఇప్పటికీ కనబడినవాళ్లకల్లా చెబుతుంది.

మీరూ గుర్తుపెట్టుకొని పదిమందికి చెప్పండి, ఆ ఇద్దరి చెవిన మాత్రం వేయకండి. గోవిందస్వామి అలిపిరిలోనే ఆ మిషను ఆపేశాడు.