దూకాక చేతులెత్తే హీరోయిన్

సినిమాల్లో గెంతులన్నీ యంత్రాలే గీసిపెడుతున్న రోజులవి. జిమ్నాస్టిక్స్ ఛాంపియన్ కాత్యాయని మాత్రం తానే దూకుతానని పట్టుబట్టి హీరోయిన్ అయింది. మేడ మీంచి పల్టీ కొట్టి నిలబడగానే, పోటీల అలవాటుకొద్దీ, జడ్జీలు ఎదురుగా ఉన్నట్టు చేతులు రెండూ పైకెత్తి నవ్వింది.

“రౌడీలు తరుముతుంటే ఆ నవ్వేంటమ్మా!” దర్శకుడు సూరిబాబు తల పట్టుకున్నాడు.

“ఏం చెయ్యను సార్, ఒళ్ళు నా మాట వినట్లేదు!”

దర్శకుడు విసిగిపోయి ఆ చేతుల్నీ నవ్వునీ యంత్రంతో చెరిపించేశాడు. మొదటి ఆటకి జనం ఆవలించారు. “ఇదీ యంత్రం పల్టీయే!”

సూరిబాబు లెంపలేసుకుని, మర్నాటి ఆటకల్లా ఆ చేతుల్నీ నవ్వునీ తిరిగి పెట్టించాడు.

“యంత్రం ఇలా చేతులెత్తదురోయ్! పిల్ల నిజంగానే దూకింది!” జనంలోంచి ఒకడు అరిచాడు.

హాలంతా లేచి చేతులెత్తింది. వెనక వరసలో కూర్చున్న కాత్యాయని కళ్ళు మాత్రం మార్కుల బోర్డు కోసం వెతికాయి.